కూడిక గుర్తు

కళ్యాణదుర్గం రోడ్డులో నా అంగడి.
బోర్డు మీద 'ఖాదర్ మోటార్ రివైండింగ్'.
'ర్' చెరిగిపోయి మూడేండ్లాయ,
ఎవురూ దారి తప్పలేదు.

రాగి తీగ, వార్నిష్ వాసన,
కాలిన మోటారును విప్పితే లేచే కమురు.
అటక మీద ఇరవై రెండేండ్ల నోటుబుక్కులు:
ఊరు, రైతు పేరు, ఎన్ని హెచ్.పి.,
దింపిన తేదీ, కాలిన తేదీ.
బాకీలు మర్చిపోకూడదని రాసుకున్నవే,
ఇంకేం లేదు.

ఒక ఎండాకాలం యూనివర్సిటీ నుంచి హంపన్న సారు వచ్చె.
ఇంట్లో మోటారు కాలి వచ్చినాయన
మోటారు సంగతి మర్చిపోయి
నా బుక్కులు చదువుతా కూర్చుండె.
ఆయనది లెక్కల చదువంట,
ఏ వస్తువు ఎన్నాళ్ళు నిలుస్తాదో
అది పోకముందే చెప్పే లెక్క.
"జాతకమా సారూ?" అంటి.
"జాతకం ఒక్కనికి చెప్తారు.
నేను వెయ్యి మందికి చెప్తా,
ఒక్కనికి మాత్రం చెప్పలేను" అనె.

ఆదివారం ఆదివారం వచ్చేవాడు.
టీ చల్లారిపోయేది.
నేల మీద చాక్‌పీసుతో ఒక గీత గీసె:
మొదట సర్రున దిగి,
నడుమ చదునుగా సాగి,
చివర్న మళ్ళీ లేచేది.
స్నానం తొట్టిని పక్కనుంచి చూసినట్ల.
కొత్తలోనే పోయేవి కొన్ని, చుట్టడంలో తప్పు
(అంటే నా చేతి తప్పు. తల దించుకుంటి).
నడుమ ఎప్పుడో ఒకటి,
ఏ ఉరుముకో, ఒక ఫేజు పోయిన ఏ రాత్రికో.
చివర్న లేచే గోడ ముసలితనం.

"నా బుక్కుల్లో ఆ గీత వచ్చెనా సారూ?"
రాలేదు.
తొట్టికి చివరి గోడ లేదు.
ముసలితనం దాకా దాదాపు ఏ మోటారూ రాలేదు.

ఆయన వేలు ఒక వరుస మీద ఆగె.
ముద్దలాపురం, పెన్నోబులేసు, ఐదు హెచ్.పి.
కాలిన తేదీ ఖాళీ.
"ఇదెట్ల పోయింది?"
పోలేదు సారూ.
బోరు ఎండిపాయ, మోటారును పైకి లాగినారు.
బాగుండాది.
అదో, ఆ మూలన.

మూలన ఏడు,
గోనెసంచుల కింద,
ఒంటి మీద బావి మట్టి ఇంకా రాలక.
ఆయన ఒక్కోదాని ముందర గొంతుకూర్చుండె,
ఆస్పత్రిలో పేషెంటు పక్కన కూర్చున్నట్ల.

చచ్చినవాటిలో వీటిని కలిపితే తప్పంట.
లెక్కలోంచి తీసి పారేసినా తప్పేనంట.
ఇన్ని దినాలు ఖాయంగా బతికె,
ఆపైన ఎన్నో మనకు తెలీదు అని ఒప్పుకొని
పక్కన కూడిక గుర్తు పెట్టల్లంట.
412+
67+
1130+
బుక్కులన్నీ తిరగేస్తే
నూటికి నలభై కూడికలు తేలె.

"నేను మోటారు ఆయుష్షు కొలుద్దామని వస్తినే..."
అని ఆ మాట అట్లనే వదిలేసి
చల్లారిన టీ తాగె.

తర్వాత ఏడాదికి ఆయన రాసిన కాగితం అచ్చయింది.
చివర్న ఇంగ్లీషులో నా పేరుందంట.
ముద్దలాపురం లేదు.
పెన్నోబులేసు 412 అయినాడు,
పక్కన ఆ గుర్తు.

ఇప్పుడెవరన్నా
"ఎన్నాళ్ళొస్తాది ఖాదరూ?" అంటే
ముందర్లా సంవత్సరం గ్యారంటీ అని టపీమని అనలేను.
నిన్న ఒకాయనకు చెప్తి:
"పదింట్లో ఏడు రెండేండ్లు దాటుతాయి.
నీది ఏడులో ఉండాదో మూడులో ఉండాదో
నాకు తెలీదు."
ఆయన పకపకా నవ్వె.
"అరచేతిలో టెంకాయ నిలబెట్టి
నీళ్ళు చెప్పేటాయనే
నీకంటే ధైర్యంగా చెప్పె గదప్పా!"

ఆ టెంకాయ లేచిన చోట నీళ్ళు పడెనా అని
నేను అడగలేదు.
పేరు రాసుకొని, ఊరు రాసుకొని,
దింపే తేదీ వేసి,
రెండో తేదీకి చోటు వదిలితి.